అడవి మొక్కల పరిచయం, పాఠం 5: కర్లీ డాక్‌ను కాయ చూసి పోల్చుకోవడం

ఇంతవరకు ఆకు అంచు, కణుపు, వేరు, పూగుత్తి ఒక్కొక్కటిగా నేర్చుకున్నాం. ఈ పాఠంలో వాటన్నిటినీ ఒకే మొక్క మీద పెట్టి చూద్దాం. ఆ మొక్క కర్లీ డాక్. 1753లో లినేయస్ అనే స్వీడన్ వృక్షశాస్త్రవేత్త దీనికి రూమెక్స్ క్రిస్పస్ అని పేరు పెట్టాడు. పుట్టిల్లు యూరప్, పశ్చిమాసియా. అక్కడి నుంచి మనుషులతో, పంట విత్తనాలతో కలిసి అమెరికాకూ ఆస్ట్రేలియాకూ చేరి అక్కడే స్థిరపడింది. ఆ దేశాల్లో ఉన్న పాఠకులకు రోడ్డు పక్కన, పార్కు అంచున, తడి నిలిచే ఖాళీ స్థలాల్లో ఇది దొరుకుతుంది.

ఆంధ్ర, తెలంగాణల్లో ఉన్నవాళ్లు పాఠాన్ని వంటింట్లోనే మొదలుపెట్టండి. మనం పప్పులో వేసుకునే చుక్కకూర కూడా రూమెక్స్ ప్రజాతిదే, దాని పేరు రూమెక్స్ వెసికేరియస్. చుక్కకూర ఏటేటా విత్తుకునే మొక్క. కర్లీ డాక్ మాత్రం వేరు బతికి ఉండి ఏళ్ల తరబడి చిగురించే మొక్క.

ముందుగా కణుపు చూడండి. చుక్కకూర కట్టలోంచి కాస్త ముదురు కాడ ఒకటి తీసి, ఆకు తొడిమ కాడకు అతుక్కునే చోట పట్టి చూస్తే కాడ చుట్టూ పల్చటి పొర ఒకటి గొట్టంలా చుట్టుకుని ఉంటుంది. ఇంటర్‌లో బైపీసీ చదివినవాళ్లకు పాలిగోనం పేరుతో పాటు ఆక్రియా అనే మాట గుర్తుండవచ్చు. ఇదే అది. పాలిగోనేసీ కుటుంబానికి ఇది ముఖ్యమైన ఆనవాలు. డాక్ మొక్కలో ఈ పొర లేతగా ఉన్నప్పుడు తెల్లగా ఉండి, ముదిరాక గోధుమరంగు కాగితంలా మారి చిరిగిపోతుంది. అందుకే పై కణుపుల దగ్గర వెతకాలి. పొర అసలు కనబడకపోతే ఆ మొక్కను డాక్ అనుకోవద్దు. బ్రిటన్‌లో ఫాక్స్‌గ్లోవ్ అనే మొక్క మొదటి ఏడాది నేలకు అంటుకుని ఆకులు మాత్రమే వేస్తుంది. దాని ఆకులు గుండెను దెబ్బతీసే విషం. వాటికి మెత్తటి నూగు ఉంటుంది, కర్లీ డాక్ ఆకు నున్నగా ఉంటుంది. పూత రాని మొక్కను చూసి, ఆకు ఆకారం ఒక్కటే నమ్ముకుని ఎవరూ ఏదీ కోయకూడదని నేను గట్టిగా చెబుతాను.

ఇక ఆకు. పొడవుగా, సన్నగా, ఈటె ఆకారంలో ఉంటుంది. అంచు మొత్తం అలలు అలలుగా ముడతలు పడి ఉంటుంది. క్రిస్పస్ అన్న మాటకు లాటిన్‌లో అర్థం అదే. మొదట ఆకులన్నీ నేలకు దగ్గరగా గుండ్రంగా పరుచుకుంటాయి. వేసవిలో మధ్యలోంచి కాడ లేచి మీటరు ఎత్తు దాకా, ఒక్కోసారి అంతకు మించి పెరుగుతుంది. నేలలోపల లావాటి తల్లివేరు, కోస్తే లోపల పసుపు రంగు. మూలికల దుకాణాల్లో దీన్ని ఎల్లో డాక్ అనడం ఆ రంగు వల్లే. వేరు పైభాగం ముక్క నేలలో మిగిలినా మళ్లీ మొలుస్తుంది కాబట్టి రైతులకు ఇది మొండి కలుపు.

పువ్వు దగ్గర చాలామంది తికమకపడతారు. రంగు రేకులు ఉండవు, వాసన ఉండదు, తేనెటీగలూ పెద్దగా వాలవు. పరాగం గాలి మోసుకెళుతుంది. ఆకుపచ్చని చిన్న పూలు కాడ చుట్టూ వలయాలుగా గుత్తులు కడతాయి. ఒక్కో పువ్వులో ఆరు తమ్మెలు, అంటే రేకుల్లాంటి చిన్న భాగాలు ఉంటాయి, బయట మూడు, లోపల మూడు. పరాగ సంపర్కం అయ్యాక బయటి మూడూ అలాగే చిన్నగా ఉండిపోతాయి. లోపలి మూడు పెరిగి కాయను రెక్కల్లా కప్పేస్తాయి. మనం పేరు తేల్చుకోవాల్సింది ఈ రెక్కల దగ్గరే. ఆకులు నేలసారాన్ని బట్టి, నీటిని బట్టి మారిపోతాయి, రెక్కలు అంతగా మారవు.

పది రెట్లు పెద్దదిగా చూపే భూతద్దం ఒకటి కొనుక్కోండి. ఎండిపోయి కాఫీ గింజల రంగుకు తిరిగిన గుత్తిలోంచి నాలుగైదు కాయలు అరచేతిలో రాల్చుకుని, రెక్క అంచు ఎలా ఉందో, రెక్క మీద గింజలాంటి బొడిపెలు ఎన్ని ఉన్నాయో చూడండి. కర్లీ డాక్‌లో అంచు దాదాపు నున్నగా ఉంటుంది, దంతాలు ఉండవు. సాధారణంగా మూడు రెక్కల మీదా బొడిపెలు ఉంటాయి, వాటిలో ఒకటి మిగతావాటికంటే పెద్దది. దీని పక్కనే పెరిగే బ్రాడ్‌లీఫ్ డాక్, అంటే రూమెక్స్ ఆబ్టుసిఫోలియస్‌లో అంచుకు స్పష్టమైన దంతాలు ఉంటాయి, బొడిపె సాధారణంగా ఒక్కటే. దాని ఆకు వెడల్పు, మొదలు హృదయాకారం. హిమాలయాల్లోనూ, ఊటీ లాంటి నీలగిరి ఎత్తుల్లోనూ కనబడే రూమెక్స్ నెపాలెన్సిస్‌లో అంచు దంతాలు కొక్కేల్లా వంగి ఉంటాయి. పశువుల బొచ్చుకూ మన ప్యాంటుకూ తగులుకుని ప్రయాణం చేసేది ఆ కొక్కేలతోనే. కర్లీ డాక్ కాయకు ఆ అవసరం లేదు. రెక్కలతో గాలిలో కొంత దూరం పోతుంది, బొడిపెల సాయంతో నీటి మీద తేలుతుంది.

కర్లీ డాక్, బ్రాడ్‌లీఫ్ డాక్ పక్కపక్కన ఉన్న చోట సంకరాలు కూడా పుడతాయి. గుత్తిలో కొన్ని కాయలు నిండుగా, చాలా కాయలు తాలుగా ఉంటే సంకరమేమోనని అనుమానించండి. అలాంటి మొక్కకు పేరు పెట్టకుండా వదిలేయడం తప్పేమీ కాదు.

రెక్కలు ఒలిస్తే లోపల మూడు పలకల గోధుమరంగు గింజ మెరుస్తూ బయటపడుతుంది. ఈ గింజ ఆయుష్షు గురించి ఒక్క మాట చెప్పకుండా ముందుకు పోలేను. విలియం బీల్ అనే వృక్షశాస్త్రవేత్త 1879లో అమెరికాలోని మిషిగన్‌లో ఇరవై సీసాల్లో ఇసుకతో కలిపిన రకరకాల కలుపు విత్తనాలు నింపి పాతిపెట్టాడు. కొన్నేళ్లకొక సీసా చొప్పున తవ్వి తీసి మొలకెత్తిస్తూ వచ్చారు. ఎనభై ఏళ్ల తర్వాత తీసిన సీసాలో కూడా కర్లీ డాక్ మొలిచింది. ఒక ఏడాది కాయ రాలనిస్తే ఆ నేలలో తరాల తరబడి ఈ మొక్క ఉంటుందన్నమాట.

ఇప్పుడు వైద్యానికి వద్దాం. ఇక్కడ ఏ భాగం, దానిలో ఏ పదార్థం అని అడుగుతూ చదవండి. వేరులో ఎమోడిన్, క్రైసోఫనాల్ లాంటి ఆంత్రాక్వినోన్లు ఉంటాయి. మన ఇళ్లలో విరేచనానికి వాడే సునాముఖి ఆకు పని చేసేది కూడా ఈ జాతి పదార్థాలతోనే. పెద్దపేగులోని బ్యాక్టీరియా వీటిని మార్చాక పేగు కదలిక పెరుగుతుంది. వేరులోనే టానిన్లు కూడా ఉంటాయి, వాటిది బిగబట్టే గుణం. రెండూ కలిసి ఉండటం వల్ల డాక్ వేరును సునాముఖి కంటే మెత్తటి విరేచనకారిగా పాశ్చాత్య మూలికా వైద్యులు వాడుతూ వచ్చారు. చర్మరోగాలకు, రక్తశుద్ధికి అని కూడా ఇచ్చేవారు. 19వ శతాబ్దంలో అమెరికా అధికారిక ఔషధ గ్రంథంలో దీని వేరుకు చోటు ఉండేది. అమెరికాలోని షేకర్లు అనే క్రైస్తవ మత సమాజాలు ఎండబెట్టిన మూలికలు ప్యాకెట్లు కట్టి అమ్మిన రోజుల్లో ఇదీ వాటిలో ఒకటి. వేరును ఆకులు ఎండిపోయాక శరదృతువులో తవ్వి, కడిగి, చక్రాలుగా కోసి ఎండబెట్టేవారు.

రక్తహీనతకు మంచిదని కూడా దీనికి పేరుంది. ఆ మాటను నేను నమ్మను. టానిన్లు ఇనుమును పట్టి ఉంచి ఒంటికి అందకుండా చేస్తాయి. హిమోగ్లోబిన్ తక్కువని డాక్టర్ చెప్తే ఐరన్ మాత్రలు వేసుకోండి, ఈ వేరు కషాయంతో నెలలు గడపకండి.

బ్రిటన్, ఐర్లండ్‌లలో ఆకును ఇంకో రకంగా వాడతారు. నెటిల్ అనే ముళ్ల మొక్క తగిలి దద్దుర్లు లేస్తే పిల్లలు వెంటనే డాక్ ఆకు తెంపి రుద్దుతారు. 14వ శతాబ్దపు ఇంగ్లీషు కవిత్వంలోనే ఈ అలవాటు ప్రస్తావన ఉంది. నెటిల్ ముల్లులో ఉండేది ఆమ్లం, డాక్ రసం క్షారం కాబట్టి దానికి విరుగుడు అని చెప్పే వివరణ మాత్రం నిలబడదు. నెటిల్ ముళ్లలో హిస్టమిన్, అసిటైల్‌కోలిన్ లాంటివి కూడా ఉంటాయి, పైగా డాక్ రసం పుల్లనిదే. చల్లటి తడి, రుద్దడం కొంత ఉపశమనం ఇస్తాయని అనుకోవడం సబబు. అదే దేశాల్లో వెన్నముద్దలు చుట్టడానికి బ్రాడ్‌లీఫ్ డాక్ ఆకులు వాడేవారు.

ఆహారంగా దీన్ని బాగా ఎరిగినవాళ్లు ఆర్మేనియన్లు. వాళ్ల భాషలో ఆవెలుక్. కొండల్లో ఆకులు కోసుకొచ్చి, పచ్చిగా ఉండగానే పొడవాటి జడలుగా అల్లి, నీడలో వేలాడదీస్తారు. ఎండే కాలంలో చేదు తగ్గుతుంది. చలికాలంలో ఆ జడను నానబెట్టి ఉడికించి, ఆ నీళ్లు పారబోసి, వెల్లుల్లి, అక్రోట్లు వేసి వండుతారు, లేదా సూప్ కాస్తారు.

నీళ్లు పారబోయడం వెనుక బలమైన కారణం ఉంది. ఆకులో ఆక్సాలిక్ ఆమ్లం ఎక్కువ. నీటిలో కరిగేది చాలావరకు ఆ నీళ్లతో పోతుంది. పెరుగుతో కలిపి తింటే, మిగిలినదాన్ని ఆ పెరుగులోని కాల్షియం పేగులోనే కొంత పట్టుకుంటుంది. కర్లీ డాక్ ఎక్కువగా తిని ఒక మనిషి చనిపోయిన సంగతి 1990లో వైద్య పత్రికలో వచ్చింది. ఆక్సలేటు స్ఫటికాలు అవయవాల్లో పేరుకుపోయాయి. కిడ్నీలో రాళ్లు వచ్చినవాళ్లు, కిడ్నీ జబ్బు ఉన్నవాళ్లు ఆకు జోలికి పోవద్దు. గర్భిణులు, పాలిచ్చే తల్లులు, పేగుల్లో అడ్డంకి ఉన్నవాళ్లు, గుండెకు డిగాక్సిన్ వాడేవాళ్లు వేరు ముట్టుకోవద్దు. రోడ్డు పక్కన, కలుపుమందు చల్లిన చోట పెరిగినదాన్ని ఎవరూ తినకూడదు.

ఈ వారం అభ్యాసం చెప్తాను. విదేశాల్లో ఉన్నవాళ్లు కాయలు పట్టిన డాక్ మొక్కలు కొన్ని వెతికి, ఒక్కోదాని రెక్క బొమ్మ పెన్సిల్‌తో గీయండి. అంచు, బొడిపెల సంఖ్య రాసి, ఆ తర్వాతే ఆకు చూడండి. ఇక్కడున్నవాళ్లు చుక్కకూర మొక్క ఒకటి కుండీలో కోయకుండా వదిలి కాయ పట్టనివ్వండి. దాని రెక్కలు గులాబీ రంగుకు తిరిగి పల్చగా ఉబ్బుతాయి. వాటిలోని ఈనెల వల కూడా బొమ్మలో రావాలి. ఆరో పాఠంలో నెటిల్ మొక్క, దాని ముల్లు నిర్మాణం. దానికి చేతి తొడుగులు సిద్ధం చేసుకోండి.