వంజంగి కొండకి కారు మాట్లాడుకునే ముందు

వైజాగ్ నుంచి ఒక్క రోజులో పాడేరు దగ్గరి వంజంగి కొండకి వెళ్లి రావాలనుకునేవాళ్లు కారు మాట్లాడేటప్పుడు ముందుగా అడగాల్సింది రేటు కాదు, డ్రైవర్ పగలు నిద్రపోయాడా లేదా అని. కొండ మీంచి చూస్తే కింద పరుచుకున్న మేఘాల సముద్రం కనిపించేది తెల్లవారుజామునే, ఎండెక్కితే విడిపోతుంది. అంటే అర్ధరాత్రి దాటగానే ఇక్కడ బయలుదేరాలి. చోడవరం, మాడుగుల దాటాక పాడేరు ఘాట్ మలుపులన్నీ చీకట్లోనే, పైగా పొగమంచు. కిందటేడు మా డ్రైవర్ పగలంతా వేరే ట్రిప్పు తిప్పి వచ్చాడు. ఘాట్‌లో కునికిపాట్లు పడుతుంటే పిల్లలతో ఉన్న నాకు ప్రాణం పోయినంత పనైంది. అప్పటి నుంచి ఘాట్ రోడ్డు అలవాటున్న మనిషినే అడుగుతున్నాను. డ్రైవర్ బేటా (అతని రోజు భత్యం), వెయిటింగ్ చార్జీ కూడా ముందే తేల్చుకోండి.

పైదాకా కారు వెళ్లదు, చివరికి నడకే. గైడ్‌ని ఇక్కడి నుంచి తీసుకెళ్లకుండా అక్కడి గిరిజన కుర్రాళ్లలో ఒకరిని మాట్లాడుకోండి. దారి వాళ్లకి కొట్టినపిండి, డబ్బులూ ఆ ఊళ్లోనే ఉంటాయి. నవంబరు నుంచి జనవరి మంచి సమయం. టార్చి, స్వెట్టరు, జారని చెప్పులు తప్పనిసరి. ఖాళీ సీసాలు మాత్రం దయచేసి వెనక్కి తెచ్చేయండి.