టెక్సస్‌కి మారితే డ్రైవింగ్ లైసెన్స్: ముందు కారు, తర్వాత కార్డు

న్యూజెర్సీ నుంచో కాలిఫోర్నియా నుంచో ఉద్యోగం మారి డాలస్ వైపు వచ్చేవాళ్ళకి ఎక్కువగా దెబ్బతినేది పనుల వరుస దగ్గరే. లైసెన్స్ మార్చుకోవడానికి 90 రోజులు గడువుంది కదా అని నింపాదిగా ఉంటారు. కానీ కారు రిజిస్ట్రేషన్‌కి ఉన్నది 30 రోజులే. పైగా మీ పేరు మీద కారుంటే, అది టెక్సస్‌లో రిజిస్టర్ అయినట్టు కాగితం చూపిస్తేనే లైసెన్స్ కౌంటర్‌లో పని ముందుకు సాగుతుంది. ఆఫీసులు కూడా వేర్వేరు. లైసెన్స్ ఇచ్చేది డీపీఎస్ (రాష్ట్ర ప్రజాభద్రత శాఖ), కారు పని చేసేది కౌంటీ (జిల్లా లాంటిది) ట్యాక్స్ ఆఫీస్. పాత రాష్ట్రంలో రెండూ ఒకే డీఎంవీలో (వాహనాల శాఖలో) చేయించుకుని అలవాటైనవాళ్ళు ఇక్కడే తికమకపడతారు.

కాబట్టి ఇల్లు ఖాయం కాగానే, సామాను సర్దకముందే, డీపీఎస్ వెబ్‌సైట్‌లో అపాయింట్‌మెంట్ తీసుకోండి. నగరం చుట్టుపక్కల ఆఫీసుల్లో స్లాట్లు వారాల తరబడి దొరకవు. మీ కౌంటీ ఆఫీసుకే వెళ్ళాలన్న నియమం లేదు. రాష్ట్రంలో ఏ ఆఫీసైనా సరే. క్యారల్టన్, గార్లండ్ లాంటి పెద్ద సెంటర్లలో దొరక్కపోతే గంట దూరంలో ఉన్న చిన్న ఊళ్ళు చూడండి. ఎవరైనా రద్దు చేసుకున్న స్లాట్లు ఉదయాన్నే కనిపించే అవకాశం ఎక్కువ. టెక్సస్ చేరిన నాలుగైదు వారాలకి తేదీ పెట్టుకుంటే ఈలోపు కారు పని అయిపోతుంది.

కారు విషయంలో మొదట ఇన్సూరెన్స్‌ని టెక్సస్ పాలసీకి మార్చండి. లయబిలిటీ, అంటే మీ వల్ల ఎదుటివాళ్ళకి జరిగే నష్టానికి కవరేజీ, కనీసం 30/60/25 ఉండాలి. ఆ అంకెల అర్థం: ఒక మనిషి గాయాలకి 30 వేల డాలర్లు, ప్రమాదం మొత్తంలో గాయాలకి 60 వేలు, ఆస్తి నష్టానికి 25 వేలు. 2025 జనవరి నుంచి మామూలు కార్లకి సేఫ్టీ ఇన్‌స్పెక్షన్ తీసేశారు గానీ, డాలస్, కాలిన్, డెంటన్, టారంట్, హారిస్, ట్రావిస్ లాంటి కౌంటీల్లో ఎమిషన్స్ (పొగ) పరీక్ష ఇంకా ఉంది. రెండేళ్ళ నుంచి 24 ఏళ్ళ వయసున్న పెట్రోల్ కార్లకి అది తప్పదు. ఆ రిపోర్టు, ఇన్సూరెన్స్ కార్డు, పాత రాష్ట్రం టైటిల్ (కారు యాజమాన్య పత్రం), రిజిస్ట్రేషన్, నింపిన 130-యూ దరఖాస్తు ఫారం తీసుకుని కౌంటీ ఆఫీసుకి వెళ్ళాలి. పాస్‌పోర్ట్, ఐ-94 (దేశంలో ఎప్పటిదాకా ఉండొచ్చో చూపే ప్రవేశ రికార్డు) కూడా వెంట ఉంచుకోండి. రిజిస్ట్రేషన్ ఫీజుతో పాటు కొత్తగా వచ్చినవాళ్ళకి 90 డాలర్ల పన్ను వేస్తారు. కారు లోన్‌లో ఉంటే టైటిల్ లోన్ కంపెనీ దగ్గరే ఉంటుంది. ఏ కాగితాలతో పని చేస్తారో కౌంటీకి ముందే ఫోన్ చేసి అడగండి. లేకపోతే ఒక పూట వృథా.

ఇక డీపీఎస్‌కి పట్టుకెళ్ళాల్సినవి. పాస్‌పోర్ట్, వీసా, తాజా ఐ-94, హెచ్-1బీ వాళ్ళయితే ఐ-797 (వీసా ఆమోద పత్రం). గ్రీన్ కార్డ్ ఉంటే అదే చాలు. సోషల్ సెక్యూరిటీ కార్డు. పాత రాష్ట్రం లైసెన్స్. కారు రిజిస్ట్రేషన్ రసీదు, ఇన్సూరెన్స్. నింపిన డీఎల్-14ఏ, అంటే లైసెన్స్ దరఖాస్తు ఫారం. టెక్సస్ చిరునామాకి రెండు రుజువులు. అన్నీ అసలు కాగితాలే, జిరాక్సులు పనికిరావు.

చిరునామా రుజువుల దగ్గరే ఎక్కువమందిని వెనక్కి పంపుతారు. రెండూ ఒకే సంస్థ ఇచ్చినవి కాకూడదు. నీళ్ళ బిల్లు, గ్యాస్ బిల్లు ఒకే కంపెనీవైతే ఒక్క రుజువు కిందే లెక్క. అపార్ట్‌మెంట్ లీజు ఒకటి, కరెంటు బిల్లో బ్యాంకు స్టేట్‌మెంటో ఇంకొకటి ఉంటే సరిపోతుంది. మన ఇళ్ళలో లీజు, కరెంటు, బ్యాంకు అన్నీ భర్త పేరు మీదే ఉంటాయి కాబట్టి హెచ్-4 (హెచ్-1బీ వాళ్ళ జీవిత భాగస్వామి వీసా)లో ఉన్న భార్యకి ఏ రుజువూ ఉండదు. అందుకే లీజు రాసేటప్పుడే ఆమె పేరు చేర్పించండి, కరెంటు ఖాతాలో కూడా. అది కుదరకపోతే డీఎల్-5 అనే నివాస అఫిడవిట్ ఉంది. దానికి పెళ్ళి సర్టిఫికెట్ పెట్టుకుని ఇద్దరూ కలిసి వెళ్ళడం మంచిది. కారు ఆమె పేరు మీద లేకపోతే, తనకి కారు లేదని రాసిచ్చి సంతకం చేస్తే చాలు.

పేర్లు కూడా ముందే సరిచూసుకోండి. పాస్‌పోర్ట్‌లో ఇంటిపేరు ఒకలా, సోషల్ సెక్యూరిటీ కార్డులో ఇంకోలా ఉన్నా, పాస్‌పోర్ట్‌లో ఇంటిపేరు గడి ఖాళీగా ఉన్నా కౌంటర్ దగ్గర చిక్కే. ముందు తప్పున్న కాగితం ఇచ్చిన ఆఫీసులో సరిచేయించుకుని తర్వాతే ఇక్కడికి రండి.

మీకు 18 ఏళ్ళు నిండి, పాత రాష్ట్రం లైసెన్స్ గడువు తీరకుండా ఉంటే రాత పరీక్షా ఉండదు, డ్రైవింగ్ పరీక్షా ఉండదు. కంటిచూపు పరీక్ష, ఫోటో, బొటనవేలి ముద్రలు, 33 డాలర్లు, అంతే. పాత కార్డు వాళ్ళకి ఇచ్చేయాలి, కాబట్టి రెండు వైపులా ఫోటో తీసి ఉంచుకోండి. లెర్నర్ పర్మిట్‌కి గానీ ఇండియా లైసెన్స్‌కి గానీ ఈ మినహాయింపు లేదు. పాత రాష్ట్రంలో కట్టని జరిమానా వల్ల లైసెన్స్ సస్పెండ్ అయి ఉంటే ఇక్కడి కంప్యూటర్‌లో కనిపిస్తుంది. అది తీర్చుకునే రావాలి.

దరఖాస్తులో ఒక్క చోట మాత్రం కళ్ళు పెద్దవి చేసుకుని చదవండి. అమెరికా పౌరులా అని, ఓటరుగా నమోదవుతారా అని అడుగుతారు. పౌరసత్వం లేనివాళ్ళు రెండింటికీ కాదనే రాయాలి. గ్రీన్ కార్డ్ ఉన్నా అంతే. తొందరలో పెట్టిన ఒక్క టిక్కు తర్వాత గ్రీన్ కార్డ్‌కీ పౌరసత్వానికీ పెద్ద అడ్డంకి అవుతుంది. కౌంటర్‌లో నోటితో అడిగినా స్పష్టంగా కాదని చెప్పండి, చివర్లో స్క్రీన్ మీద కూడా సరిచూసుకోండి.

వీసా మీద ఉన్నవాళ్ళ వివరాలను సేవ్ అనే ఫెడరల్ వ్యవస్థలో సరిపోలుస్తారు. ఒక్కోసారి వెంటనే తేలదు, రెండో విడత పరిశీలనకి వెళ్తుంది. కంగారు పడక్కర్లేదు గానీ, పాత లైసెన్స్ గడువు చివరి వారం దాకా ఆగినవాళ్ళకి మాత్రం అప్పుడు ఇబ్బందే. పని అయ్యాక తాత్కాలిక కాగితం ఇస్తారు, కార్డు పోస్టులో వస్తుంది. ఆ కాగితం విమానాశ్రయంలో గుర్తింపుగా చెల్లదు కాబట్టి అప్పటిదాకా ప్రయాణాలకి పాస్‌పోర్ట్ దగ్గర పెట్టుకోండి.

గ్రీన్ కార్డ్ ఉన్నవాళ్ళకి లైసెన్స్ మామూలుగా ఎనిమిదేళ్ళు. వీసా వాళ్ళకి లిమిటెడ్ టర్మ్ అని ముద్రించి ఇస్తారు, గడువు ఐ-94తో పాటే తీరుతుంది. ఎఫ్-1 (విద్యార్థి వీసా)లో ఉన్నవాళ్ళ ఐ-94 మీద తేదీ బదులు డీ/ఎస్ (ఆ హోదా ఉన్నంతకాలం) అని ఉంటే ఒక ఏడాదికే ఇవ్వొచ్చు. ఐ-797లో మూడేళ్ళున్నా, పాస్‌పోర్ట్ గడువు దగ్గర పడ్డప్పుడు దేశంలోకి వచ్చినవాళ్ళకి ఐ-94 ఆ పాస్‌పోర్ట్ తేదీ దాకానే ఇచ్చి ఉండొచ్చు. ఆన్‌లైన్‌లో ఇప్పుడే చూసుకోండి. ఇల్లు మారిన 10 రోజుల్లోపు యూఎస్‌సీఐఎస్‌కి (ఇమ్మిగ్రేషన్ శాఖకి) ఏఆర్-11 అనే చిరునామా మార్పు ఫారం పంపడం కూడా పౌరులు కాని దాదాపు ప్రతి ఒక్కరి బాధ్యత, ఆన్‌లైన్‌లో ఫీజు లేకుండా అయిపోతుంది. వీసా పొడిగింపు ఐ-797 చేతికి రాగానే లైసెన్స్ రెన్యువల్‌కి డీపీఎస్ అపాయింట్‌మెంట్ కూడా ఆ రోజే బుక్ చేసేయండి.