తరాల పేర్లు చదవడం ఎలా, 3వ పాఠం: బూమర్లకి తీసివేత పరీక్ష

పోయిన పాఠంలో జననాల సంఖ్య వేరు, జనన రేటు వేరు అని చూశాం కదా, ఈసారి ఆ సంఖ్యతో ఒక తరం పేరుని పరీక్షించడం నేర్చుకుందాం. ఆ పేరు బూమర్లు, అంటే అమెరికాలో జననాలు ఒక్కసారిగా పెరిగిన (బేబీ బూమ్) 1946-1964 మధ్య పుట్టినవాళ్లు. నోట్‌బుక్, పెన్ను దగ్గర పెట్టుకోండి, ఊరికే చదివేస్తే ఇది పట్టుబడదు.

అమెరికాలో 1945లో పుట్టిన పిల్లలు దాదాపు 28.6 లక్షలు. రెండో ప్రపంచ యుద్ధం అయిపోయి సైనికులు ఇళ్లకొచ్చారు, 1946లో 34 లక్షలు దాటింది. కానీ పీక్ వచ్చింది 1957లో, దాదాపు 43 లక్షలు. ఒక్క నిమిషం ఆగి ఆలోచించండి, సైనికులు తిరిగి రావడమే కారణమైతే రెండు మూడేళ్లలో తగ్గిపోవాలి కదా, మరి పీక్ పదకొండేళ్ల తర్వాత ఎందుకు వచ్చింది? 1930ల ఆర్థిక మాంద్యంలో పెళ్లి, పిల్లలు వాయిదా వేసుకున్నవాళ్లున్నారు, వాళ్ల వెనకాల చిన్న వయసులోనే పెళ్లి చేసుకున్న కుర్రజంటలున్నాయి, జీతాలు బావున్నాయి, జీఐ బిల్లు అనే చట్టం వల్ల మాజీ సైనికులకి చదువు ఖర్చు, ఇంటి లోన్ దొరికాయి, అన్నీ ఒకేసారి కలిసొచ్చాయన్నమాట. 1964లో కూడా 40 లక్షలు, మరుసటి ఏడు 37.6 లక్షలకి పడిపోయింది. 1946, 1964 అనే గీతలు అక్కణ్నుంచి వచ్చినవే.

అంటే ఈ పేరుకి గ్రాఫ్ సాక్ష్యం ఉంది. మిగతావాటికి అంత లేదు. బూమర్లకి ముందు తరానికి "సైలెంట్" అనే మాటని టైమ్ మ్యాగజైన్ 1951లో వాడింది, బూమర్ల తర్వాతి తరం పేరు జెన్ ఎక్స్ 1991లో వచ్చిన ఒక నవలతో పాపులర్ అయింది, జెన్ జెడ్ అయితే అక్షరాల వరసలో ఎక్స్, వై తర్వాతది అంతే.

ఇప్పుడు అసలు పని, నాకైతే పాఠం మొత్తంలో ఇదే ముఖ్యం. గ్రాఫ్ ఉన్నంత మాత్రాన అందరి జీవితం ఒకటే అయిపోదు. ఏదైనా పెద్ద సంఘటన ఏడాది రాసి, అందులోంచి పుట్టిన ఏడాది తీసేయండి. అమెరికాలో వియత్నాం యుద్ధానికి నిర్బంధంగా సైన్యంలోకి తీసుకోవడం 1973లో ఆగింది. 1946లో పుట్టినవాడికి అప్పుడు 27, 1964లో పుట్టినవాడికి 9. ఒకడు ఎప్పుడు పిలుపొస్తుందో అని భయపడుతూ బతికాడు, ఇంకొకడు బడికెళ్తున్నాడు, ఇద్దరూ బూమర్లే. ఇంకోటి చూడండి, సైన్యంలోకి ఎవరిని ముందు పిలవాలో తేల్చడానికి 1969 డిసెంబర్ 1న గాజు జాడీలోంచి పుట్టినరోజు తేదీలు తీసిన లాటరీ 1944 నుంచి 1950 మధ్య పుట్టిన మగవాళ్లకి, అంటే 1944, 1945ల్లో పుట్టి బూమర్లు కానివాళ్లు కూడా అదే జాడీలోంచి వచ్చే తేదీ కోసం ఎదురుచూశారు.

మన దగ్గర పెద్దవాళ్లని "బూమర్ అంకుల్" అనేస్తున్నారు. ఇక్కడ 1946లో అలాంటి మలుపేం లేదు, జననాలు ముందునుంచీ ఎక్కువే, జనాభా పెరిగింది మరణాలు తగ్గడం వల్ల. ఆ గీత మనకి అతకదు.

ఇంటిపని: మీ ఇంట్లో ముగ్గురి పుట్టిన ఏళ్లు అడిగి రాసుకోండి. 1975 ఎమర్జెన్సీ, 1991 ఆర్థిక సంస్కరణలు, 2014 రాష్ట్ర విభజన, ఒక్కోదానికి వాళ్ల వయసు లెక్కేసి పక్కన ఆ రోజుల్లో ఏం చేస్తున్నారో వాళ్ల మాటల్లోనే రాయించుకోండి. 4వ పాఠం ఆ కాగితంతోనే మొదలుపెడదాం.