జేబులో పెట్టుకునే రివాల్వర్‌కి తుప్పు పట్టకుండా చూసుకునేది ఎట్లా

లైసెన్స్ ఉండి .32 రివాల్వర్ రోజూ ప్యాంటు జేబులో వేసుకుని తిరిగేవాళ్లకి తిరుపతిలో మొదటి శత్రువు చెమటే, ఏప్రిల్, మే ఎండలకి జేబు తడిసి తడిసి ఆ ఉప్పంతా ఇనుముకి పట్టేస్తాది, బ్యారెల్ మూతి దగ్గర, గుండ్లు పెట్టే సిలిండర్ అంచుల్లో నల్ల పూత అరిగి తెల్లగా మెరుస్తాది చూడండి, తుప్పు మొదలయ్యేది ఆడనే.

క్లీనింగ్‌కి కూర్చునే ముందు మూతి మనుషుల వైపు తిప్పకుండా గుండ్లన్నీ తీసి వేరే రూములో పెట్టేయండి, సిలిండర్ గదులన్నీ కళ్లతో చూసి వేలితో కూడా తడమాల. అప్పుడు టార్చ్ వేసి హ్యామర్ (వెనకవైపు గుండుని కొట్టే సుత్తి) సందులో చూస్తే బట్ట నూగు, దుమ్ము కలిసి బూడిదరంగు ఉండలాగా చుట్టుకుని ఉంటాది, దాన్ని పాత టూత్‌బ్రష్‌తో పొడిగానే దులపాల, ముందే నూనె వేస్తే ముద్దయి లోపలికి పోతాది. తర్వాత గన్ ఆయిల్ ఒక చుక్క గుడ్డకి వేసి పైపైన తుడిస్తే చాలు. కొబ్బరినూనె మాత్రం వద్దు సామీ, జిగురు కట్టేస్తాది. గుండ్లకి నూనె తగలనీయొద్దు, గుండు అడుగున నిప్పు రాజేసే ప్రైమర్ పాడయితే పేలదు.

అదే జేబులో తాళాలు, చిల్లర వేయొద్దు, ట్రిగ్గర్‌ని కప్పే పాకెట్ హోల్‌స్టర్ (గన్ పెట్టుకునే తొడుగు) ఉండాల్సిందే. తోలుది అయితే రాత్రికి గన్ తీసి లాకర్లో పెట్టి, హోల్‌స్టర్‌ని విడిగా ఆరేయండి. ట్రిగ్గర్ బిగుసుకున్నా, సిలిండర్ ఊగినా సొంతంగా విప్పొద్దు, లైసెన్స్ ఉన్న ఆర్మరర్‌కి (తుపాకులు బాగుచేసేవాళ్లకి) చూపించండి. కొండకి పోయేరోజు ఇంట్లో లాకర్లోనే పెట్టి పోవాల, అలిపిరి చెకింగ్ దాటి ఆయుధం పోనీరు.