సిడ్సె బాబెట్ క్నుడ్సెన్ నటనను ఏ వరుసలో చూడాలి

డెన్మార్క్ నటి సిడ్సె బాబెట్ క్నుడ్సెన్ పేరు విన్న కొద్దిమందికీ ఆమె ‘బోర్గెన్’ ధారావాహికలోని ప్రధానమంత్రిగానే తెలుసు. ఆమె బలం మాటలో కన్నా ఎదుటివారి మాట వినడంలో ఉంది కనుక, విడుదలైన వరుసను పక్కనపెట్టి, ఆ గుణం త్వరగా పట్టుబడే వరుసలో చూడడం మంచిది.

సుసానె బియర్ 2006లో తీసిన ‘ఆఫ్టర్ ది వెడ్డింగ్’తో మొదలుపెట్టండి. భారతదేశంలో అనాథాశ్రమం నడిపే వ్యక్తి విరాళం కోసం కోపెన్‌హాగెన్ వెళ్లి, దాత కూతురి పెళ్లిలో తన పాత ప్రేయసిని ఆ దాత భార్యగా చూస్తాడు. ఆ భార్య పాత్ర క్నుడ్సెన్‌ది. సంభాషణ ఇతరులదైనప్పుడు కూడా ఆమె ముఖాన్నే గమనించండి.

తరువాత ‘బోర్గెన్’ మొదటి సీజన్‌లోని పది ఎపిసోడ్లను డబ్బింగ్‌లో కాక, డేనిష్‌లోనే సబ్‌టైటిళ్లతో చూడాలి. మొదటి ఎపిసోడ్‌లో సిద్ధం చేసిన ప్రసంగాన్ని వదిలి సొంతంగా మాట్లాడిన బిర్గిట్టె నూబోర్ (క్నుడ్సెన్ పోషించిన ప్రధాని పాత్ర) గొంతును, పదో ఎపిసోడ్‌లో పార్లమెంటు ముందు మాట్లాడే గొంతుతో పోల్చండి. సంకీర్ణ ప్రభుత్వాన్ని నడిపిన నెలలు ఆమె నుంచి ఏమి తీసుకున్నాయో అక్కడ వినిపిస్తుంది. ఈ ధారావాహిక 2010లో మొదలైంది. డెన్మార్క్‌కు నిజంగా తొలి మహిళా ప్రధాని వచ్చింది ఆ మరుసటి ఏడాదే.

యౌవనంలో పారిస్‌లో నటన నేర్చుకున్నందువల్ల ఆమె ఫ్రెంచ్‌లోనూ నటించగలిగింది. ‘లెర్మీన్’ (2015)లో ఆమె జ్యూరీ సభ్యురాలు. కోర్టులో ఎక్కువ సేపు మౌనంగా కూర్చునే ఆ పాత్రకే ఉత్తమ సహాయ నటిగా ఫ్రాన్స్ జాతీయ సినీ పురస్కారమైన సెజార్ దక్కింది. దాని వెంటనే ‘లా ఫియ్ ద బ్రెస్ట్’ (2016) చూడండి. మెడియాటోర్ అనే మందు వల్ల గుండె కవాటాలు దెబ్బతింటున్నాయని బయటపెట్టిన వైద్యురాలు ఇరెన్ ఫ్రాషోఁగా ఆమె ఇందులో ఆగకుండా మాట్లాడుతుంది, వాదిస్తుంది, నవ్వుతుంది. వెంటవెంటనే చూస్తేనే ఆ తేడా తెలుస్తుంది.

హాలీవుడ్ చిత్రం ‘ఇన్ఫెర్నో’ను వదిలేసినా నష్టం లేదు, తీరిక ఉంటే ‘వెస్ట్‌వరల్డ్’ మొదటి సీజన్ చూడవచ్చు. ఆమెకు డెన్మార్క్‌లో పేరు తెచ్చిన 1997 నాటి ‘లెట్స్ గెట్ లాస్ట్’ దొరికితే, నటులు అప్పటికప్పుడు మాటలు కల్పించుకుంటూ చేసిన చిత్రమని గుర్తుంచుకుని చూడండి.

జైలు అధికారిణిగా నటించిన ‘వోక్తర్’ (2024)ను చివరికి ఉంచుకోండి. ఆ పాత్ర ఒక విషయాన్ని తోటి ఉద్యోగుల దగ్గర దాస్తుంది కనుక, కథాసారాంశం కూడా చదవకుండా వెళ్లడమే మేలు.