ఇంటి కంపోస్టు డబ్బాలో ఏది వేయాలి, ఏది వేయకూడదు

ఇంట్లో కంపోస్టు మొదలుపెట్టినవారిలో చాలామంది నెల తిరక్కముందే దుర్వాసన భరించలేక మానేస్తారు. సాధారణంగా తప్పు కూరగాయల చెత్తది కాదు, దానితోపాటు తగినంత ఎండు సరుకు పడకపోవడమే కారణం. చెత్తను ఎరువుగా మార్చే సూక్ష్మజీవులకు నత్రజని ఒక వంతు ఉంటే కర్బనం 25 నుంచి 30 వంతులు కావాలి. వంటింటి తడి చెత్తలో నీరు, నత్రజని ఎక్కువ. ఎండుటాకులు, రంపపు పొట్టు, కొబ్బరి పొట్టు వంటివాటిలో కర్బనం ఎక్కువ. అందువల్ల ఒక గిన్నెడు తడి చెత్త వేసిన ప్రతిసారీ దానిపై ఒకటిన్నర, రెండు గిన్నెల ఎండు సరుకు పరచాలి. డబ్బా కొనడానికి ముందే ఒక గోనెసంచి నిండా ఎండుటాకులు పోగుచేసుకోమని నా సలహా. చెట్లు ఆకు రాల్చే మాఘ ఫాల్గుణాల్లో అవి కావలసినన్ని దొరుకుతాయి.

పచ్చడికి పోగా మిగిలిన బీరపొట్టు, గోంగూర కాడలు, కొత్తిమీర వేళ్లు, అరటి తొక్కలు, ఉల్లి పొట్టు నిస్సంకోచంగా వేయవచ్చు. టీ పొడిని మాత్రం పాలు, చక్కెర పోయేలా ఒకసారి కడిగి వేయాలి. కోడిగుడ్డు పెంకులను నలిపి, నిమ్మ చెక్కలను తక్కువ మోతాదులో వేయాలి. మామిడి టెంక, మొక్కజొన్న బెండు, కొబ్బరి పీచు నెలల తరబడి అలాగే ఉండిపోతాయి కనుక చిన్న డబ్బాలో వాటిని వేయకపోవడమే మేలు. పూజ పూలు చక్కగా కుళ్లుతాయి గానీ, దండలోని దారాన్ని, జరీ తీగను ముందుగా తీసివేయాలి.

అసలు జాగ్రత్త ఉప్పు, నూనెల విషయంలో కావాలి. ఉప్పు చేరిన ఎరువు మొక్కల వేళ్లకు హాని చేస్తుంది. నూనె చెత్తను పూతలా కప్పి గాలి ఆడనివ్వదు. చారు కోసం పిండిన చింతపండు పిప్పిని ఉప్పు తగలకముందే తీసి ఉంటే డబ్బాలో వేయవచ్చు. అదే చారులో ఉడికి, కంచంలో పక్కకు తీసిపెట్టిన కరివేపాకును వేయకూడదు. ఊరగాయలు, మిగిలిన కూరలు, మాంసం, చేప ముళ్లు, పెరుగు కూడా వద్దు, ఎందుకంటే వాటికి ఎలుకలు, ఈగలు చేరతాయి. పెద్ద కుప్పలో వేడి 55 డిగ్రీలు దాటి రోగక్రిములు, కలుపు విత్తనాలు చచ్చిపోతాయి, చిన్న డబ్బా అంతగా వేడెక్కదు. కనుక తెగులు పట్టిన మొక్కలను, గింజ కట్టిన కలుపును, పెంపుడు జంతువుల మలాన్ని అందులో వేయకూడదు.

వారానికొకసారి డబ్బాలోని సరుకును గుప్పెడు తీసి గట్టిగా పిండి చూడాలి. వేళ్ల సందుల్లో ఒకటి రెండు చుక్కలు కనిపిస్తే తేమ సరిపోయినట్టు. నీరు ధారగా కారినా, ముక్కు ఘాటెక్కే వాసన వచ్చినా ఎండుటాకులు కలిపి కిందిదాకా తిరగేయాలి. పొడిపొడిగా ఉండి చెత్త తగ్గకపోతే, ఉప్పు వేయని పుల్ల మజ్జిగను నీళ్లలో కలిపి చిలకరించాలి; పెరుగును నేరుగా మాత్రం వేయకూడదు.