స్పానిష్ పేర్లు చదవడం – మూడో పాఠం: జంట పేర్లు

ముందుగా కిందటి అభ్యాసానికి జవాబు. రచయిత గాబ్రియేల్ గార్సియా మార్కెస్ పుస్తకాలను లైబ్రరీలో ఏ పేరు దగ్గర వెతకాలి అని అడిగాను. ‘గార్సియా’ దగ్గర వెతకాలి. గార్సియా తండ్రి వైపు ఇంటిపేరు, మార్కెస్ తల్లి వైపుది.

ఈసారి ఇంటిపేర్లకు ముందుండే భాగం చూద్దాం. హోసే లూయిస్ రోడ్రిగెజ్ జపతేరో 2004 నుంచి 2011 దాకా స్పెయిన్ ప్రధాని. ఈ పేరు ఫారంలో నింపమంటే మనవాళ్లు చాలామంది ‘లూయిస్’ను మిడిల్ నేమ్ గడిలో పడేస్తారు. అలా చేయకండి. ‘హోసే లూయిస్’ మొత్తం కలిపి ఒకటే పేరు. పలకడంలోనూ అంతే. హోసే దగ్గర ఆగకుండా, దాన్ని తేల్చేసి, ఊనిక లూయిస్ మీద వేయాలి: హోసెలూయిస్. రెండు మూడు సార్లు పైకి అని చూడండి.

ఇక అసలు సూత్రం. మన జంట పేర్లలో ఆడో మగో చివరి మాట చెబుతుంది. లక్ష్మీనారాయణ మగవాడు, వెంకటలక్ష్మి ఆడమనిషి. స్పానిష్‌లో దీనికి తలకిందులు, మొదటి మాటే చెబుతుంది. హోసే మరియా మగవాడు, మరియా హోసే ఆడమనిషి. 1996 నుంచి 2004 దాకా ప్రధానిగా ఉన్న అజ్నార్ పేరు హోసే మరియా. మన చెవి అలవాటుగా పేరు చివరికే పోతుంది కాబట్టి మొదట్లో దీన్ని పట్టుబట్టి సాధన చేయాలి.

మగవాడికి మరియా ఏమిటి అంటారా? ఇవి యేసు తల్లి, పెంపుడు తండ్రి పేర్లు. హోసే అంటే మన తెలుగు కాథలిక్కుల జోజప్పే. కాథలిక్ బిషప్పులు కూడిన ట్రెంట్ మహాసభ (1545–63) తర్వాత జ్ఞానస్నానంలో పునీతుల (సెయింట్ల) పేర్లే పెట్టాలని చర్చి గట్టిగా చెప్పింది. పునీతులు ఎందరున్నా జనం ఇష్టపడే పేర్లు కొన్నే. ఊరినిండా హువాన్‌లూ మరియాలే అయితే ఎవరిని పిలిచినట్టు? రెండో పేరు తగిలిస్తే భక్తీ తీరుతుంది, గుర్తూ దొరుకుతుంది.

ఆడవాళ్ల పేర్లలో ఇది ఇంకా ముదిరింది. మరియమాతకు ఊరికో రూపం, రూపానికో పేరు. స్పెయిన్‌లోని సరగోసా ఊరివాళ్ల మాత పిలార్, కాబట్టి మరియా దెల్ పిలార్. అలాగే మరియా దెల్ కార్మెన్, మరియా దె లోస్ దొలోరెస్, మరియా దెల్ రొసారియో. మెక్సికోలో గ్వాదలూపే. ఈ చివరిది మగవాళ్లకూ పెడతారు. నవ్వే అస్థిపంజరాల బొమ్మలు చెక్కిన మెక్సికన్ కళాకారుడు పొసాదా (1852–1913) పేరు హోసే గ్వాదలూపే. అన్నట్టు, ‘ఓ’తో ముగిస్తే మగ అని వ్యాకరణంలో నేర్చుకున్నది ఇక్కడ పనికిరాదు. రొసారియో, కొన్సుయెలో ఇద్దరూ ఆడవాళ్లే.

అందరి పేర్లలోనూ మరియానే ఉంటే ఇక దాన్ని పలికేదెవరు? కాగితాల మీద ఎమ్ పక్కన, కాస్త పైకి, బుల్లి ‘ఏ’ రాసి సరిపెడతారు. ఇంట్లో అదీ ఉండదు. దొలోరెస్ లోలా అవుతుంది, రొసారియో చారో అవుతుంది. కొన్నిచోట్ల రెండు మాటలూ అతుక్కుపోతాయి: మరియా ఇసబెల్ మరిబెల్, మరియా తెరేసా మైతే, హువాన్ మాన్యుయెల్ హువాన్మా, లూయిస్ మిగెల్ లూయిస్మి. రియల్ మాడ్రిడ్‌కు ఆడిన ఫుట్‌బాల్ ఆటగాడు ‘హోసేలు’ (Joselu) అసలు పేరు హోసే లూయిస్. నాకు బాగా నచ్చేది మాత్రం ‘చేమా’. హోసేలో చివరి ‘సే’, మరియాలో మొదటి ‘మ’ కలిసి, ‘సే’ కాస్తా ‘చే’ అయింది. ఆఫీసులో ఎవరైనా చేమా అని పరిచయం చేసుకుంటే మెయిల్ లిస్టులో హోసే మరియా కోసం వెతకండి.

పునీతుడి పేరును ఊరితో సహా ఎత్తుకొచ్చిన జంటలూ ఉన్నాయి. ఫ్రాన్సిస్కో హవియేర్‌లో హవియేర్ అనేది నవార్రాలోని ఒక కోట. ఆ పునీతుడు, అంటే మనం సెయింట్ ఫ్రాన్సిస్ జేవియర్ అనే ఆయన, 1506లో అక్కడే పుట్టాడు, ఆయన భౌతికకాయం ఇప్పుడు గోవాలో ఉంది. మన గుంటూరు వైపు కాథలిక్ కుటుంబాల్లో వినిపించే శౌరి, శౌరయ్య ఆ హవియేరే.

ఒక జాగ్రత్త. ముందు రెండు పేర్లు కనిపించిన ప్రతిచోటా జంట పేరే అనుకోకండి. స్పెయిన్ 2011 పౌర రిజిస్ట్రీ చట్టం ప్రకారం బిడ్డకు రెండు విడి పేర్లు గానీ, ఒక జంట పేరు గానీ పెట్టొచ్చు. అర్జెంటీనాలోనూ రెండు విడి పేర్లు మామూలే. మెస్సీ పూర్తి పేరు లియోనెల్ ఆంద్రెస్, కానీ ఆయన్ని ఆంద్రెస్ అని ఎవరూ పిలవరు. రాతలో తేడా తెలియదు కాబట్టి వాళ్లు తమ పేరు తాము ఎలా చెప్పుకుంటారో వినండి. టెన్షన్ పడకుండా అడిగేసినా ఏమీ అనుకోరు.

అభ్యాసం: కింది పేర్లలో సొంత పేరు ఎక్కడ ముగుస్తుంది, ఇంటిపేరు ఎక్కడ మొదలవుతుంది, ఆడా మగా చెప్పండి.

ఆంద్రెస్ మాన్యుయెల్ లోపెజ్ ఒబ్రదోర్
మరియా కొరీనా మచాదో
హోసే మరియా అర్గేదాస్
హువానా ఇనెస్ దె లా క్రూజ్

చివరిదాంట్లో ఒక మెలిక ఉంది. ఆమె సన్యాసిని, ‘దె లా క్రూజ్’ పుట్టుకతో వచ్చిన ఇంటిపేరు కాదు. అలాంటి ‘దె’, ‘దెల్’, ‘దె లా’ల సంగతి నాలుగో పాఠంలో.